ఖానాబదోష్

ఫారసీ నుంచి ఉర్దూలోకి వచ్చిన లఫ్జ్ ఇది. ఖానా అంటే ఇల్లు, దోష్ అంటే భుజం. భుజమ్మీద ఇల్లు మోసుకుంటూ తిరిగేవాడు ఖానాబదోష్. ఉర్దూ మీడియం బడిలో ఉస్తాద్ మతలబ్ చెప్తుంటే నాకు మా అబ్బా కళ్లల్లో మెదిలాడు. ఆయన భుజాన ఉండేది ఇల్లు కాదు, గాజుల మలారం.

శాంతిపురం చుట్టూ పల్లెలన్నీ ఆయన నడిచినవే. మూడు రాష్ట్రాలు కలిసే చోటు కదా, ఒక వాకిట్లో తెలుగు, ఒక వాకిట్లో అరవం, ఇంకో వాకిట్లో కన్నడం. ఇంట్లో మా దక్నీ. 'సాయిబన్నా' అని పిలిచి, ఆడోళ్లు భరోసాగా చెయ్యి చాపి గాజులు తొడిగించుకునేవాళ్లు. మజ్జిగ పోసేవాళ్లు. అదే సాయిబన్న కిరాయికి ఇల్లడిగితే మాత్రం 'మాకేం లేదబ్బా, పక్కోళ్లు ఒప్పుకోరు' అనేవాళ్లు.

అట్లా తిరిగి తిరిగి ఇప్పుడు పద్నాలుగో మకాన్‌లో ఉన్నాం. అమ్మీకి సంవత్సరాలు గుర్తుండవు. 'నువ్వు పుట్టిన మకాన్', 'అబ్బా పోయిన మకాన్' అని లెక్క చెప్తుంది.

తెలుగు ఎమ్మే చదివాక సంచారాన్ని పొగిడే రాతలు చాలా చూశాను. మా పక్కనే మదనపల్లెలో 1895లో పుట్టిన జిడ్డు కృష్ణమూర్తి ఓహాయ్, సానెన్, రిషీవ్యాలీ అంటూ జీవితమంతా తిరుగుతూనే ఉన్నాడు. 1918లో మచిలీపట్నంలో పుట్టిన యూజీ కృష్ణమూర్తి సొంతిల్లు లేకుండా దేశాలు తిరిగి 2007లో ఇటలీలో కన్నుమూశాడు. ఇద్దరంటే నాకు ఇజ్జతే. కానీ వాళ్లది ఇఖ్తియార్, మాది మజ్బూరీ. ఎక్కడికి పోయినా వాళ్ల కోసం తలుపు తీసి ఎదురుచూసే దోస్తులుండేవాళ్లు. కుప్పంలో పొద్దున్నే బెంగుళూరు రైలెక్కి రాత్రికి తిరిగొచ్చే కూలీల తిరుగుడు మీద ఎవరు కితాబులు రాస్తారు?

పోయిన నెల అమ్మీ మంచాన పడింది. ఇంటాయన వచ్చి, చెప్పులు విడవకుండానే వాకిట్లో నిలబడి, 'పెద్దామెకు ఏమన్నా అయితే... మా ఇంట్లో శుభకార్యముంది, ఏమనుకోవద్దు' అన్నాడు. చెడ్డవాడు కాదు. కిరాయి ఇంట్లో మయ్యత్ ఉండకూడదనే ఈ ఒక్క భయానికి మజ్హబ్ భేదం లేదు. హిందూ దోస్తుల అమ్మానాన్నల్ని కూడా ఆఖరి గడియల్లో ఆస్పత్రి వరండాలకు చేర్చడం నేను చూశాను.

మాటలన్నీ లోపల అమ్మీకి వినపడ్డాయి. 'కిత్తే దిన్ ఫిరేంగే రే?' అంది. ఎన్నాళ్లు తిరుగుతాంరా అని. కాసేపాగి తనే, 'ఖబరస్తాన్‌లో కిరాయి అడగర్లే' అని నవ్వింది. నాకు నవ్వు రాలేదు. జనాజా ఏ గడప నుంచి లేస్తుందో తెలియని ఇంట్లో కొడుకు ఎట్లా నవ్వుతాడు?

ఏ దరఖాస్తు చూసినా 'శాశ్వత చిరునామా' అని ఒక గడి. అక్కడ శాంతిపురం అనే రాస్తున్నాను. అక్కడ మాకు గోడ కూడా లేదు.

ఒకటో తారీఖుకి ఖాళీ చేయాలి. ఇప్పటికి నాలుగిళ్లు చూశాను. అడ్వాన్సు సంగతి కంటే ముందు అమ్మీ సంగతే చెప్తున్నాను. రెండు చోట్ల అక్కడే కాదన్నారు. మిగతా ఇద్దరూ ఫోన్ చేస్తామన్నారు.