కలం పేరులో ఊరు

కన్నడ మహాకవి కువెంపు కలం పేరులో మొదటి అక్షరం ఆయన ఊరిదే. కుప్పళి వెంకటప్ప పుట్టప్ప: కు, వెం, పు. మనకు ఇంటిపేరు ముందుంటే, అక్కడ చాలామందికి ఊరిపేరు.

శివమొగ్గ జిల్లా తీర్థహళ్లి తాలూకాలో, పశ్చిమ కనుమల అడవి నడుమ ఉంటుంది కుప్పళి. పుట్టప్ప చదువుకని మైసూరు వెళ్లి, అక్కడే పాఠాలు చెప్పి, వైస్ ఛాన్సలర్ దాకా ఎదిగారు. కాపురమూ అక్కడే. నవలలు మాత్రం కొండ దిగలేదు. ‘కానూరు హెగ్గడితి’, ‘మలెగళల్లి మదుమగళు’ రెండూ ఆ కొండసీమ, మలెనాడు కథలే. రెండోదాని పేరుకి అర్థమే కొండల్లో పెళ్లికూతురు!

కుప్పళి ఇంటికి దగ్గర్లోని కొండ మీద బండలున్న చోటికి ఆయన ‘కవిశైల’ అని పేరు పెట్టుకున్నారు. అక్కడొక రాతి మీద ఆయన పేరు, ఇంకా కన్నడ సాహితీవేత్తలు బి.ఎం.శ్రీ, టి.ఎస్. వెంకణ్ణయ్యల పేర్లు చెక్కి ఉంటాయి. మనం కోటగోడ మీద పేరు గీకితే తిడతారు గానీ, ఈ చెక్కడాలు చూడ్డానికి జనం పనిగట్టుకుని కొండెక్కుతారు.

1994 నవంబరులో మైసూరులో కన్నుమూస్తే, ఆయన్ని కుప్పళికే తీసుకొచ్చారు. ఇప్పుడు కవిశైల మీద పెద్దపెద్ద రాతి స్తంభాలు నిలబెట్టి ఉంటాయి. సమాధి వాటి మధ్యే.