జౌగడ రాయి, తప్తపాణి నీళ్ళు



తారాతారిణి కొండకి మీలో ఎంతమంది వెళ్ళుంటారో లెక్కపెట్టక్కర్లేదు. చైత్రమాసం మంగళవారాలు వచ్చాయంటే మన ఇచ్ఛాపురం, కవిటి, సోంపేట నుంచి బళ్ళకి బళ్ళు కదుల్తాయి. పిల్లల పుట్టువెంట్రుకలు తీయించి, మొక్కు తీర్చుకుని, దారిలో బరంపురంలో అప్పడాలూ పచ్చళ్ళూ కొనుక్కుని ఇంటికొచ్చేస్తాం. ఆ కొండకి దగ్గర్లోనే, అదే ఋషికుల్య ఏటి పక్కన, అశోకుడు మన కళింగ దేశం కోసం ప్రత్యేకంగా చెక్కించిన రాయి ఒకటి ఉన్నాది. దాని వయసు 2,200 ఏళ్ళ పైమాటే. ఊరి పేరు జౌగడ.

మొన్న మాఘమాసంలో, వరి నూర్పులు అయిపోయి జీడిపిక్క ఇంకా రాలకముందు, చేతికి నాలుగు రోజులు ఖాళీ దొరికింది. పదకొండు మందిమి ఒక బండి మాట్లాడుకుని పొద్దున జౌగడ, మధ్యాహ్నం తప్తపాణి వేడినీళ్ళ గుండం చూసి రాత్రికి ఇంటికొచ్చాం. బరంపురంలో ఉంటున్న ఒక రిటైరైన తెలుగు మాష్టారు దారి చూపించడానికి మాతో వచ్చారు. ఆయన లేకపోతే జౌగడలో మాకు బండరాయి తప్ప ఏమీ కనపడేది కాదు. నిజం చెప్తున్నాను, అక్కడ చూడ్డానికి కోట బురుజులూ సింహద్వారాలూ ఉండవు. అలా ఊహించుకుని వెళ్తే నిరాశే.

తెల్లారి ఐదింటికి బయల్దేరి పురుషోత్తపురం చెక్‌పోస్టు దాటాం. చూడండి, ఇక్కడ మనది పురుషోత్తపురం, అక్కడ వాళ్ళది పురుషోత్తంపూర్. మధ్యలో రాష్ట్రం మారింది గానీ పేర్లు మారలేదు. 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా వేరే రాష్ట్రం అయ్యేదాకా ఇదంతా మద్రాసు ప్రెసిడెన్సీలో ఒకే గంజాం జిల్లా. మా తాత కాలంలో కోర్టు పని అన్నా, పెద్ద సంత అన్నా బరంపురమే. మన శ్రీకాకుళం జిల్లా అయితే 1950లో గానీ పుట్టలేదు. అంచేత జౌగడని పరాయి రాష్ట్రం వాళ్ళ సొత్తు అనుకోకండి.

జౌగడ చేరాక మాష్టారు మమ్మల్ని ముందు రాయి దగ్గరకి తీసుకెళ్ళలేదు. మట్టిగట్టు ఒకటి చూపించి, "ఇదేటో చెప్పండి" అన్నారు. చెరువు గట్టు అన్నాం అందరం. అదే కోటగోడట. నలుచదరంగా కట్ట పోశారు, పక్కకి రెండేసి చొప్పున ఎనిమిది వాకిళ్ళు పెట్టారు. చుట్టూ కందకం తవ్వి, ఆ తవ్విన మట్టినే గట్టుగా వేశారు. మనం చెరువు పూడిక తీసి గట్టు మీద పోసుకునే పద్ధతే. 1956లో దేబలా మిత్రా అనే ఆవిడ, పురావస్తు శాఖ అధికారి, ఇక్కడ తవ్వకాలు చేయిస్తే ఇనప సామాన్లు, నలుపు ఎరుపు కలిసిన కుండపెంకులు, పూసలు దొరికాయి. పట్నం పేరు అప్పట్లో సమాప. ఇప్పటి పేరులో 'జౌ' అంటే లక్క. లక్కతో కట్టిన కోట కాబట్టి శత్రువు ఎక్కలేక జారిపోయేవాడనీ, ఆఖరికి నిప్పుపెడితే కరిగిపోయిందనీ అక్కడివాళ్ళు కథ చెప్తారు. కథ బాగున్నాది గానీ తవ్వితే దొరికింది మట్టే.

తర్వాత రాయి. పైన కప్పు వేసి, చుట్టూ ఇనప కటకటాలు పెట్టారు. నిలువుగా ఉన్న బండ ముఖం మీద మూడు పలకలుగా అక్షరాలు. బ్రాహ్మీ లిపి. ఈ లిపిని 1837లో జేమ్స్ ప్రిన్సెప్ అనే దొర చదవగలిగాడు, 1850లో వాల్టర్ ఇలియట్ అనే ఇంకో దొర ఈ జౌగడ రాతని కాపీ తీశాడు. అంతకుముందు ఎన్ని వందల ఏళ్ళు గొర్రెల కాపరులు ఆ నీడన కూర్చుని చల్ది తిన్నారో, ఆ గీతలు ఏమిటని ఎవరికి తెలుసు.

ఇక్కడ నుంచి కొంచెం నిదానంగా చదవండి.

అశోకుడి పెద్ద శాసనాలు పధ్నాలుగు. మన కర్నూలు జిల్లా ఎర్రగుడిలో కూడా ఉన్నాయి. పదమూడోదాంట్లో కళింగ యుద్ధం లెక్క రాయించాడు. లక్షమంది చచ్చారనీ, లక్షన్నర మందిని బందీలుగా పట్టుకుపోయామనీ, దానికి తాను బాధపడ్డాననీ. లోకమంతా చెప్పుకునేది అదే. ఆ యుద్ధం జరిగిన కళింగంలో, అంటే భువనేశ్వరం దగ్గర ధౌలిలోనూ ఈ జౌగడలోనూ, ఆ పదమూడోది చెక్కించలేదు. పదకొండు, పన్నెండు, పదమూడు వదిలేసి వాటి బదులు రెండు కొత్త శాసనాలు పెట్టించాడు. చచ్చినవాళ్ళ ఊళ్ళో చచ్చినవాళ్ళ లెక్క ఏం రాస్తాం అనుకున్నాడేమో అని మాష్టారు అన్నారు. మా బండిలో ఒకాయన, "మరేటి, కొట్టినోడు దెబ్బతిన్నోడి గోడ మీద చిట్టా రాస్తాడేటి" అన్నాడు. నాకు ఆ మాట మాష్టారి మాట కంటే బాగా నచ్చింది.

ఆ బదులు పెట్టిన రెండూ సమాపలో ఉన్న అధికార్లకి రాసిన ఉత్తరాలు. జనమంతా నా బిడ్డలు, నా బిడ్డలకి ఏం కోరతానో వాళ్ళకీ అదే కోరతాను అని మొదలు. వేల ప్రాణాల మీద మిమ్మల్ని పెట్టింది వాళ్ళ అభిమానం సంపాదించడానికి. కారణం లేకుండా మనిషిని కట్టేయడం, బాధపెట్టడం జరక్కూడదు. అసూయ, కోపం, కర్కశత్వం, తొందరపాటు, బద్ధకం, అలసట ఉన్నవాడు న్యాయం చేయలేడు, ఇవి మీ దగ్గరకి రానీయకండి. సరిగ్గా చేస్తున్నారో లేదో చూడ్డానికి ఐదేళ్ళకోసారి మనిషిని పంపిస్తాను అని కూడా రాయించాడు. అలసట కూడా తప్పుల పట్టీలో రాశాడు చూడండి. పాసుపుస్తకంలో ఒక సర్వే నంబరు సరిచేయించడానికి ఆరునెలలు తిరిగినవాడికి ఆ ముక్క ఎంత తియ్యగా ఉంటుందో నేను చెప్పక్కర్లేదు.

ఇంకొక సంగతి. ఈ ఉత్తరం నాలుగు నెలలకోసారి తిష్య నక్షత్రం రోజున పైకి చదివి వినిపించాలని ఆజ్ఞ. మధ్యలో కూడా, వినేవాడు ఒక్కడున్నా సరే, చదవొచ్చు అన్నాడు. తిష్య అంటే మన పుష్యమి. పుష్యమి కార్తెలో మనం నాట్ల గురించి తప్ప ఇంకోటి ఆలోచించం. ఆ నక్షత్రం పేరు మీద ఈ నేల మీద ఒకప్పుడు అధికార్లకి వాళ్ళ బాధ్యత చదివి వినిపించేవారంటే నాకు ఒళ్ళు జలదరించింది.

మొదటి పలక చాలావరకు పెచ్చులూడి పోయింది. అందులో రెండో శాసనం ఉండాలి. మిగతా చోట్ల పూర్తిగా ఉన్నాది కాబట్టి ఏం రాశాడో తెలుసు. మనుషులకీ పశువులకీ వైద్యం ఏర్పాటు, మందు మొక్కలు లేనిచోటికి తెప్పించి నాటించడం, దారుల పక్కన చెట్లు, బావులు. మాష్టారు ఇది చెప్తున్నప్పుడు మా బావ ముఖం చూశాను. ఆయన వింటున్నాడు గానీ చూపు బండి వైపున్నాది. బండిలో ఆయన తెచ్చుకున్న ఐదేసి లీటర్ల ఖాళీ క్యాన్లు రెండున్నాయి.

ఆ సంగతి ఇప్పుడు చెప్తాను. మా బావకి క్రియాటినిన్ నాలుగు దాటి ఏడాదిన్నర అయింది. డయాలసిస్ దాకా ఇంకా రాలేదు. ఉద్దానంలో ఈ మాటకి అర్థం చెప్పక్కర్లేని ఇల్లు లేదు. ఎవరో ఊళ్ళో ఆయన చెవిలో వేశారు, తప్తపాణి నీళ్ళు నలభై రోజులు తాగితే కిడ్నీ కడిగినట్టు అయిపోద్దని. అసలు ఆయన బయల్దేరింది అందుకే. జౌగడ మాతో పాటు చూశాడంతే.

బరంపురం నుంచి దిగపహండి మీదుగా తప్తపాణి సుమారు 50 కిలోమీటర్లు. దిగపహండి దాటాక కొండలు మొదలు, అడవి, మలుపులు. గుండం దగ్గరకి పోతుండగానే కుళ్ళిన గుడ్డు వాసన కొడుతుంది. అది గంధకం. పక్కనే కంధుణీ దేవి గుడి ఉన్నాది, కొండవాళ్ళ అమ్మవారు. నీళ్ళు ఊరే గుండం వేరు, అందులోంచి వచ్చే నీళ్ళలో జనం స్నానం చేసే కుంట వేరు. ఒరిస్సా టూరిజం వాళ్ళ బస కూడా ఉన్నాది, గదుల్లోకి ఆ వేడినీళ్ళే పైపుల్లో వస్తాయట. మేము కుంట దగ్గరే ఆగిపోయాం. మాఘమాసపు చలిలో ఆ నీళ్ళలో కాళ్ళు పెడితే, అబ్బ, జీడితోటలో రోజంతా వంగి చేసిన నడుం నొప్పి కూడా దిగిపోయినట్టనిపించింది. అనిపించడం వేరు, తగ్గడం వేరు అనుకోండి.

నీళ్ళు ఎందుకు వేడిగా ఉన్నాయని మాలో ఒక కుర్రాడు అడిగాడు. కింద అగ్నిపర్వతం ఉన్నదా అని. లేదు. కొండ మీద పడిన వాన రాతి పగుళ్ళలోంచి లోపలికి ఇంకిపోతుంది. భూమిలో కిలోమీటరు లోతుకి సుమారు 25 నుంచి 30 డిగ్రీలు వేడి పెరుగుతుంది. బాగా లోతుకి పోయిన నీరు కాగి, ఇంకో పగులు దొరికితే చల్లారేలోపు పైకి తన్నుకొస్తుంది. మన భద్రాచలం దగ్గర గోదావరి ఇసకలో ఉష్ణగుండాలు వచ్చేదీ, హిమాచల్ మణికరణ్‌లో వచ్చేదీ ఇలాగే. వేడి నీరు చల్ల నీరు కంటే రాతిలోని లవణాల్ని ఎక్కువ కరిగించుకుంటుంది. గంధకం వాసన అంచేతే. ముక్కుకి తెలియనివి ఇంకా ఉంటాయి. మన దేశంలో చాలా వేడినీటి బుగ్గల్లో ఫ్లోరైడ్ ఎక్కువని పరీక్షల్లో తేలింది.

ఈలోపు మా బావ క్యాన్ మూత తీసి, దోసిలితో నోటి దగ్గర పెట్టుకోబోయాడు. నేను చెయ్యి పట్టుకున్నాను.

"బావా, మనింట్లో బోరు నీళ్ళు ఎందుకు మానేశాం?"

"అది వేరు."

"ఏటి వేరు? అది వందడుగుల నీరు. ఇది అంతకంటే ఎన్నో రెట్లు లోతు నుంచి వచ్చిన నీరు. మన బోరుని అనుమానించినోళ్ళం దీన్ని ఎలాగ నమ్ముతాం?"

ఆయన నన్ను చూసిన చూపు మర్చిపోలేను. "మందులు ఏసుకుంటన్నాను. నీళ్ళు కొలిచి తాగుతన్నాను. ఉప్పు మానీసినాను. నా తోటలో కాయ నాను తాగకూడదన్నారు, అదీ మానీసినాను. తగ్గిందేటి? మరి నన్నేటి చేయమంటావు?" అన్నాడు.

నా దగ్గర జవాబు లేదు. ఉద్దానం కొబ్బరి రైతుకి కొబ్బరి నీళ్ళు వద్దని చెప్పాల్సి రావడం ఎంత కష్టమో డాక్టరుకీ తెలుసు. అందులో పొటాషియం ఎక్కువ, దెబ్బతిన్న కిడ్నీ దాన్ని బయటికి పంపలేదు, ఒంట్లో పెరిగితే గుండెకే ముప్పు. ఇరవై ఏళ్ళకి పైగా మన నీళ్ళనీ మట్టినీ రక్తాన్నీ పరీక్షలకి తీసుకెళ్తున్నారు, ఇదిగో ఇదే కారణం అని ఒక్కటి తేల్చి చెప్పలేదు. అలాంటప్పుడు మనిషి గుండాన్ని నమ్ముతాడు, ఆకుని నమ్ముతాడు. తప్పుపట్టలేం. కానీ నమ్మకం కొద్దీ కిడ్నీ ఇంకొంచెం పాడైతే గుండం వచ్చి బాధ్యత తీసుకోదు. మాష్టారు మాత్రం ఒక్క మాటన్నారు: "అమ్మవారికి దండం పెట్టు నాయనా, కాళ్ళు కడుక్కో. అమ్మ నిన్ను తాగమనలేదు కదా."

ఆయన తాగలేదు. ఒక క్యాన్ మాత్రం నింపాడు. "మా అమ్మ మోకాళ్ళకి" అన్నాడు. మేమెవరం ఏమీ అనలేదు. దిగపహండి వచ్చేసరికే ఆ నీళ్ళు చల్లారిపోయాయి. మా అత్త మర్నాడు వాటిని మళ్ళీ పొయ్యి మీద కాచి మోకాళ్ళకి కాపడం పెట్టుకుంది, బాగుందనే చెప్పింది. బావ తర్వాతి వారం పలాస ఆసుపత్రి తారీకు తప్పకుండా వెళ్ళొచ్చాడు. 2023 డిసెంబరులో తెరిచిన ఆ 200 పడకల కిడ్నీ ఆసుపత్రి లేనప్పుడు ఇదే పరీక్షకి విశాఖపట్నం వెళ్ళి రెండు రోజులు పోగొట్టుకునేవాడు. హిరమండలం రిజర్వాయరు నుంచి పైపుల్లో వచ్చే నీళ్ళ పథకం కూడా అప్పుడే ప్రారంభించారు. మీ వీధి కుళాయికి ఆ నీళ్ళు రోజూ రాకపోతే ఊరుకోకండి, గ్రామసభలో లేచి అడగండి. వైద్యం, బావులు అని రాజు రాయిస్తే రాయి పెచ్చులూడింది, మనకి రాసిచ్చినవి కాయితాలే కదా.

వెళ్ళాలనుకునేవాళ్ళకి రెండు ముక్కలు. జౌగడ ఎండ ముదరకముందే చూడండి, అక్షరాలు పొద్దుటి ఏటవాలు వెలుగులో బాగా కనపడతాయి. రాయి మీద పసుపూ కుంకుమా వేయకండి. చదివి చెప్పే మనిషి లేకుండా మాత్రం వెళ్ళకండి, డబ్బులు దండగ. తప్తపాణిలో బీపీ మాత్రలు వేసుకునేవాళ్ళు ఎక్కువసేపు నీళ్ళలో కూర్చోకూడదు, వేడికి బీపీ పడిపోయి లేవగానే కళ్ళు తిరుగుతాయి. మాలో ఒకాయనకి తిరిగాయి, పట్టుకుని గట్టు మీద కూర్చోబెట్టాం. చోడంబలి పట్టుకెళ్ళండి, ఆ పూట మాకు అదే ఆదుకుంది. చీకటి పడకముందే ఘాట్ దిగిపోండి.

జీడిపిక్క ఏరుడు అయ్యాక ఇదే మాష్టారితో మన జిల్లాలోనే శాలిహుండం, దంతవరపుకోట చూద్దామనుకుంటున్నాం. బండిలో ఇంకా నాలుగు సీట్లున్నాయి. బావ తనకి ఒక సీటు ఉంచమన్నాడు, ఈసారి క్యాన్లు లేకుండా వస్తాడట.