పేరు వేరు, బిరుదు వేరు

గండిమైసమ్మ చౌరస్తాలో ఎటు చూసినా బోర్డుల మీద అమ్మవారి పేరే. మందుల షాపు అడ్రసులో ఆమే, మొబైల్ రిపేరు కొట్టు అడ్రసులో ఆమే. 2016లో కొత్త జిల్లాలు వచ్చినప్పుడు మేడ్చల్ మల్కాజిగిరిలో కలిసిన మండలం పేరులోనూ దుండిగల్ పక్కన ఆమే. గండి అంటే చెరువు కట్ట తెగిన చోటు. తెలంగాణలో మైసమ్మను కట్టల మీద, గండ్ల దగ్గర, పొలిమేరల్లో నిలుపుకుంటారు. నీళ్లు కట్ట దాటకుండా, కీడు పొలిమేర దాటకుండా కాచే పని ఆమెది. ఇక బోనాలప్పుడు అమ్మవారి ముందు ఆడే పోతురాజును చూడండి. ఒళ్లంతా పసుపు, నడుముకు వేపమండలు, కాళ్లకు గజ్జెలు, చేతిలో కొరడా. అది గాలిలో చెళ్లుమంటే గుంపు రెండు అడుగులు వెనక్కి జరుగుతుంది. బొమ్మల కథలు గీసేవాడికి ఇంతకంటే తయారుగా ఉన్న వేషం దొరకదు. అయినా ఈ చౌరస్తా చుట్టూ, బౌరంపేట, మల్లంపేట వైపు లేచిన అపార్ట్‌మెంట్లలో మగపిల్లాడు పుట్టి, వాడికి పదిమందిలో లేని పేరు, కాస్త దమ్మున్న పేరు పెట్టాలనుకున్న జంట చూపు మైసమ్మ మీదా పోతురాజు మీదా ఆగదు, కామిక్స్ మీద ఆగుతుంది. థోర్, లోగన్, లోకి. తొట్టెలలో వేసే రోజు దగ్గరపడేకొద్దీ పెద్దవాళ్ల ముఖాలు చిట్లుతుంటాయి. ఆ చిట్లింపులో సగం న్యాయం ఉంది. అది ఏ సగమన్నదే ఇక్కడ తేల్చాల్సింది.

మొదట వినబడే మాట ‘మన పేరు కాదు’ అని. తెలుగువాళ్ల ఓటర్ల జాబితా తిరగేస్తే ఈ మాట నిలవదు. సూర్యాపేట జిల్లా జాన్‌పహాడ్ దర్గాకు మొక్కుకుని కన్నవాళ్లు కొడుకులకు సైదులు అని పెట్టుకున్నారు. మస్తాన్ వలీ మన దగ్గరికొచ్చి మస్తానయ్య, మస్తాన్‌రావు అయ్యాడు. నాగూరు దర్గా నాగూరయ్యనిచ్చింది. ఫకీరు ఫకీరయ్య అయ్యాడు. ఎక్కడో పుట్టిన మాటకు ఒక ‘అయ్య’ తగిలించి, బొట్టు పెట్టి, బంతిలో కూచోబెట్టి వడ్డించడం మనకు కొత్త కాదు. ఎర్రజెండా ఎగిరిన ఊళ్లలో లెనిన్లు, స్టాలిన్లు తిరిగారు. 1961లో గగారిన్ అంతరిక్షంలోకి వెళ్లొచ్చాక ఆ పేరు కూడా తెలుగు తొట్టెల్లోకి దిగింది. అప్పుడు అడ్డురాని పరాయితనం ఇప్పుడు బొమ్మల పుస్తకం దగ్గరే అడ్డొచ్చిందంటే, అసలు పేచీ పరాయితనం గురించి కాదు, బొమ్మల పుస్తకం గురించి. అది పిల్లలది, చిల్లరది, నవ్వులాటది అన్న చిన్నచూపు. కృష్ణశాస్త్రిగారి అబ్బాయి డుంబు బొమ్మల కథలు గీసిన నేల మీద, బాపు గీసిన బుడుగును నెత్తిన పెట్టుకున్న భాషలో, ఆ చిన్నచూపుకు తావు లేదు. (డుంబును గీసినాయన అసలు పేరు సుబ్బరాయశాస్త్రి, లోకానికి బుజ్జాయి. బాపు అసలు పేరు సత్తిరాజు లక్ష్మీనారాయణ. బొమ్మలు గీసినవాళ్లు కూడా ముద్దుపేర్లతోనే మిగిలారు.)

విడ్డూరమైన పేరు బిడ్డ బతుకును పాడుచేస్తుందన్న భయం రెండోది. దీనికి విజయవాడలోనే జవాబుంది. నాస్తికోద్యమ నాయకుడు గోరా, అంటే గోపరాజు రామచంద్రరావు, తన పిల్లలకు పేర్లు పంచాంగం చూసి పెట్టలేదు, దేశం వైపు చూసి పెట్టారు. ఉప్పు సత్యాగ్రహం నడిచిన 1930లో పుట్టిన కొడుకు లవణం. రెండో ప్రపంచ యుద్ధం ముంచుకొచ్చిన 1939లో పుట్టిన కొడుకు సమరం. ఇంకొకరు విజయం. తొమ్మిదో సంతానానికి హిందీ లెక్కలో నౌ. ఉప్పనీ యుద్ధమనీ పిల్లల్ని పిలవడమేమిటని ఆనాడు నొసలు చిట్లించనివాళ్లుంటారా? ఆ లవణమే హేమలతా లవణంతో కలిసి స్టువర్టుపురంలో నేరస్తులని ముద్రపడ్డవాళ్ల మధ్య పనిచేశారు. ఆ సమరమే వైద్యుడై, పెద్దవాళ్లు నోరెత్తని సంగతుల మీద పత్రికల్లో తెలుగు పాఠకులకు తేలిక మాటల్లో జవాబులు రాశారు. ఇప్పుడు డాక్టర్ సమరం అంటే ఎవరికీ యుద్ధం గుర్తురాదు, మనిషే గుర్తొస్తాడు. పేరు విడ్డూరమే, కానీ మనిషి దాన్ని నింపేశాడు. ఇంకొకటి కూడా చూడాలి. ఈ పేర్లన్నీ గారును మోయగలిగాయి. లవణంగారు అంటే ఎవరికీ నవ్వు రాదు. తెలుగులో మగవాడి పేరు గాడు దగ్గర బయల్దేరి గారు దగ్గరికి చేరుతుంది. రెండు కొసల్నీ తట్టుకున్నదే పేరు. సమరంగాడు, సమరంగారు. రెండూ నోట పలుకుతాయి. ‘బ్యాట్‌మాన్‌గారు లోపల ఉన్నారాండీ’ అని ఒకసారి గట్టిగా అని చూడండి.

పెద్దల చిట్లింపులో న్యాయమైన సగం ఇక్కడుంది. వాళ్లు దాన్ని సరిగ్గా చెప్పలేకపోవచ్చు గానీ, వాళ్ల చెవికి తగిలింది నిజం. బ్యాట్‌మాన్ పేరు కాదు, బిరుదు. సూపర్‌మాన్, స్పైడర్‌మాన్, ఐరన్‌మాన్ అన్నీ అంతే. పేరు పుట్టగానే ఇస్తారు, బిరుదు ఏదైనా చేశాక వస్తుంది. ఈ తేడా మనకు రామాయణం నుంచే తెలుసు. పుట్టగానే ఉరుములా ఏడ్చాడని రావణుడి కొడుకు మేఘనాదుడయ్యాడు. ఇంద్రుణ్ణి గెలిచి కట్టి తెచ్చాక ఇంద్రజిత్తు అయ్యాడు. మొదటిది తొట్టెలలో వచ్చింది, రెండోది యుద్ధంలో వచ్చింది. 1938లో పుట్టిన సూపర్‌మాన్ కథకూ ఇదే కట్టుబాటు. వేరే గ్రహం మీద కన్నవాళ్లు పెట్టిన పేరు కాల్-ఎల్, భూమ్మీద పెంచినవాళ్లు పెట్టిన పేరు క్లార్క్ కెంట్. సూపర్‌మాన్ అన్నది అతను ఎగిరాక జనం అన్న మాట. తన ఇంటిపేరునే ల్యూక్ కేజ్ అనే కామిక్ వీరుడి నుంచి తీసుకున్న హాలీవుడ్ నటుడు నికొలస్ కేజ్, 2005లో కొడుకు పుడితే సూపర్‌మాన్ అని పెట్టలేదు, కాల్-ఎల్ అని పెట్టాడు. పిచ్చి అభిమానంలోనూ ఆ విచక్షణ మిగిలింది. మెక్సికోలోని సొనోరా రాష్ట్రం 2014లో పిల్లలకు పెట్టకూడదని 60కి పైగా పేర్ల జాబితా వేస్తే, అందులో బ్యాట్‌మాన్, రోబోకాప్ ఉన్నాయి. మన దగ్గర అలాంటి నిషేధాల జాబితా లేదు, అవసరమని కూడా అనుకోను. కానీ ఆ జాబితా రాసిన గుమాస్తా చెవీ మన నాయనమ్మ చెవీ ఒకటేనని ఒప్పుకోవాలి. పసివాడి నెత్తిన బిరుదు పెడితే వాడు ఇంకా చెయ్యని ఘనకార్యానికి జీవితాంతం బాకీ ఉంటాడు.

దీనికి చదువుకున్నవాళ్లు వెంటనే అడ్డు తగులుతారు. ఇంద్రజిత్తు బిరుదైతే ఊరినిండా ఇంద్రజిత్తులెందుకున్నారు? ధనంజయ, విజయ, కిరీటి మాటేమిటి? మంచి ప్రశ్నే. విరాటపర్వంలో ఉత్తరకుమారుడు నమ్మక, అర్జునుడివైతే నీ పది పేర్లూ చెప్పమంటాడు. బృహన్నల వేషంలో ఉన్న అర్జునుడు ఒక్కో పేరూ ఎలా వచ్చిందో విప్పి చెబుతాడు. ఎక్కువ భాగం సంపాదించుకున్నవే. ఉరుములు ఉరిమితే ఆ పేర్లే పిల్లల చేత చదివించే ఇళ్లు ఇప్పటికీ ఉన్నాయి. ఆ బిరుదులు పేర్లయ్యాయంటే, వందల ఏళ్లు నోళ్లలో నాని అంచులు అరిగాయి. ధనంజయుణ్ణి పిలిచే తల్లికి రాజుల్ని గెలిచి తెచ్చిన ధనం గుర్తుకు రాదు. స్పైడర్‌మాన్‌కు ఇంకా అంత వయసు రాలేదు. 1962లో మొదలైన ఆ బిరుదు వినగానే ఎర్రటి ముసుగు, టీషర్టు, టిఫిను డబ్బా కళ్లముందు నిలుస్తాయి. మరో 300 ఏళ్లకు అదీ అరుగుతుందేమో, అప్పటివాళ్లు చూసుకుంటారు. విరాటపర్వం ఇంకో సంగతి కూడా చెబుతుంది. ముసుగు పేరు దాచడానికి, అసలు పేరు నిలవడానికి. కంకుడు, వలలుడు, బృహన్నల ఏడాది గడవగానే రాలిపోయాయి. మన పల్లెల్లోనూ ముసుగు పేర్లుండేవి. పుట్టిన పిల్లలు దక్కకపోతే తర్వాతివాణ్ణి పెంటకుప్ప మీద పడుకోబెట్టి పెంటయ్య అన్నారు, ఎంగిలి విస్తళ్లలో పొర్లించి పుల్లయ్య అన్నారు. మృత్యువు కళ్లు కప్పడానికి వేసిన ముసుగు అది. కామిక్ వీరుడి ముసుగు బలాన్ని చాటుతుంది, పెంటయ్య ముసుగు విలువను దాస్తుంది. నన్నడిగితే రెండోదే గడుసుది.

కామిక్స్ నుంచి బిరుదు వదిలి పేరే తీసుకుందామని ఒప్పుకున్నా, తెలుగు నాలుక ఇంకో పరీక్ష పెడుతుంది. లోకి గొప్ప పేరే, మాయలమారి దేవుడు. కానీ మన భాషలో ‘లోకి’ విభక్తి ప్రత్యయం. ‘లోకి లోపలికి రా’ అంటూ బతుకంతా గడపాలి. క్లార్క్ అని తెలుగులో రాసి చూడండి, పక్కవాడు క్లర్కు అని చదివి ఏ ఆఫీసని అడుగుతాడు. 2004లో స్పైడర్‌మాన్‌కు భారతీయ రూపమిచ్చినవాళ్లు పీటర్ పార్కర్‌ను పవిత్ర్ ప్రభాకర్ చేశారు. ఆ ‘త్ర్’ మన నాలుక మీద నిలవదు, అచ్చు చేర్చుకుని పవిత్ర అవుతుంది, పవిత్ర మనకు ఆడపిల్ల. రాజ్ కామిక్స్ 1987లో తెచ్చిన సూపర్ కమాండో ధ్రువను చూస్తే మాత్రం చిక్కే లేదు. సూపర్ కమాండో బిరుదు, ధ్రువ పేరు. ఆ పేరు పోతన భాగవతంలోనే ఉంది. అచ్చుతో ముగుస్తుంది, గాడూ గారూ రెండూ పడతాయి. పంచాంగం అడ్డొస్తుందంటారా? జన్మనక్షత్రం అక్షరాలు పట్టుకుని కూర్చుంటే అసలు చిక్కు పంచాంగానిదే. హస్తలో కొన్ని పాదాలకు ణ, ఠ వస్తాయి. ఠతో మగపిల్లాడి పేరు వెతికి వెతికి ఆఖరికి పక్క అక్షరానికి సర్దుకోని ఇల్లుండదు. ఉత్తరాభాద్రకు థ ఉంది. ఆ పాదంలో పుట్టినవాడికి థోర్ కంటే చేతికందిన పేరు ఎవరైనా చూపించగలరా?

బడిలో ఏడిపిస్తారన్నది చివరి అభ్యంతరం. ఏడిపిస్తారు. సుబ్బారావునూ ఏడిపించారు, అప్పారావునూ ఏడిపించారు, ఆ పని సినిమాలు కూడా చేశాయి. మైసయ్యనూ పోచయ్యనూ ఏడిపించినప్పుడు మాత్రం అందులో నవ్వు కంటే ఎక్కువే ఉంది. ఊరి దేవత పేరు మోటు, సంస్కృతం పేరు నాజూకు అన్న మెట్ల వరస ఉంది. పేరు చూసి కులం పసిగట్టే చోట, ఆ మెట్ల మీద ఎక్కడా కూర్చోని పేరు పిల్లాడికి కాస్త ఊపిరినిస్తుంది (ఇంటిపేరు ఆ మిగతా పని చేసేస్తుందనుకోండి). అర్థం లేని పేరంటారా? ఇవాళ తరగతి గదుల్లో ‘ఆన్ష్’, ‘యాన్ష్’ తోకలు అతికించిన పేర్లలో కొన్నిటి అర్థం పెట్టినవాళ్లే చెప్పలేరు. లోగన్ వెనక కనీసం ఒక కథ ఉంది. పైగా తొందరేమీ లేదు. 1969 నాటి జనన మరణాల నమోదు చట్టం ప్రకారం పేరు లేకుండానే పుట్టుక నమోదు చేయించవచ్చు. ఏడాదిలోపు పేరు రాయిస్తే రుసుము కూడా ఉండదు. ఆ ఏడాదీ అనుకున్న పేరుతో ఇంట్లో పిలుచుకోవచ్చు. ఉయ్యాల దగ్గర పిలిచి, వంటింట్లోంచి కేకేసి, చౌరస్తాలో బస్సు హారన్ల మధ్య అరిచి చూసుకోవచ్చు. 2023 అక్టోబరు నుంచి బడి ప్రవేశానికీ మరి కొన్నిటికీ జనన ధ్రువపత్రం ఒక్కటే చాలు. అందులో పడ్డ పేరు ఇక వెంటాడుతూనే ఉంటుంది కాబట్టి ఆ అరుపు ముందే అరిచి చూడటం మంచిది.

ఇంత వాదించాక కూడా ఒక వింత మిగులుతుంది. ఈ ఊళ్లో మగపిల్లాడికి అన్నిటికంటే దమ్మున్న పేరు ఏదని అడిగితే నా ఓటు థోర్‌కు కాదు, మైసయ్యకు. థోర్ పెడితే పక్క ఫ్లాటువాళ్లు ముచ్చటపడతారు, మైసయ్య పెడితే బిత్తరపోతారు. హైదరాబాద్‌లోని గ్రీన్ గోల్డ్ సంస్థ 2008లో టీవీకి ఎక్కించిన ఛోటా భీమ్‌ను దేశమంతా పిల్లలు ఎత్తుకున్నారు, టిఫిను డబ్బాల మీదా స్కూలు బ్యాగుల మీదా వాడి బొమ్మే. అంత చేసినా భీముడు, భీమయ్య తిరిగి తొట్టెల్లోకి రావడం అరుదే. బొమ్మగా ముద్దొచ్చినవాడు పేరుగా మోటయ్యాడు. థోర్ కూడా అక్కడి మైసమ్మ లాంటివాడే. పాతకాలపు ఉత్తర ఐరోపావాళ్లు ఉరుముకు పెట్టుకున్న దేవుడు, పొలిమేర దాటి వచ్చే రాక్షసుల్ని సుత్తితో కొట్టేవాడు, 1962లో మార్వెల్ వాళ్లకు దొరికాడు. వాళ్ల ఊరి దేవుణ్ణి మన తొట్టెలలో వేయడానికి ఒప్పుకున్నప్పుడు ఒక చిన్న చిక్కు మాత్రం ముందే చెప్పాలి. ఒత్తులు పలకని అవ్వ నోట ఆ ‘థోర్’ రెండు రోజులు తిరగకముందే ‘దొర’ అవుతుంది. గోదావరి వైపు దొరబాబు ముద్దుపేరు. ఇక్కడ దొర అంటే గడీ, వెట్టి గుర్తొస్తాయి. పక్కింటి తాత ‘ఎవరే ఆ దొర?’ అని అడిగినప్పుడు ఆ అవ్వే నాలుక్కరుచుకుని, కొంచెం ఆలోచించి, సైదులుకూ మస్తానయ్యకూ చేసిందే వీడికీ చేస్తుంది. ‘థోరయ్యా, ఇటు రార బిడ్డా.’