మూడు సినిమాల రాఘవ

బళ్లారి రాఘవ పేరు వినగానే తెలుగువాళ్లకు గుర్తొచ్చేది రంగస్థలమే. ఆయన తెరమీద కూడా కనిపించారన్న సంగతి చాలామంది ఎరగరు. చేసినవి మూడే సినిమాలు: ‘ద్రౌపదీ మానసంరక్షణం’ (1936), ‘రైతుబిడ్డ’ (1939), ‘చండిక’ (1940).

అసలు పేరు తాడిపత్రి రాఘవాచార్యులు. 1880 ఆగస్టు 2న తాడిపత్రిలో పుట్టారు. అప్పటికి అనంతపురం జిల్లా లేదు. 1882లో అది ఏర్పడేదాకా తాడిపత్రి, ధర్మవరం, పెనుకొండ, హిందూపురం అన్నీ బళ్లారి జిల్లాలోనివే. అందుకే తాడిపత్రి బిడ్డ పేరు ముందు బళ్లారి చేరితే రాయలసీమలో ఎవరికీ వింతనిపించలేదు. నటనలో ఆయనది మేనమామ పోలిక. ఆ మేనమామ ‘ఆంధ్ర నాటక పితామహుడు’ ధర్మవరం రామకృష్ణమాచార్యులు. బళ్లారిలో వకీలుగా ఉంటూనే సరసవినోదినీ సభ పెట్టి సొంత నాటకాలు ఆడించారు. మేనల్లుడూ వకీలే అయ్యారు, పబ్లిక్ ప్రాసిక్యూటరుగా పేరు తెచ్చుకున్నారు. కూడు పెట్టింది కోర్టు కాబట్టి నాటకంలో ఎవరికీ తలవంచే పని ఆయనకు లేకపోయింది.

కోలాచలం శ్రీనివాసరావు నాటకం ‘రామరాజు చరిత్ర’లో రాఘవ పఠాన్ రుస్తుం వేషం కట్టేవారు. 1565లో తళ్లికోట యుద్ధంతో విజయనగరం కూలిన కథ అది. ఆ ఓటమి తర్వాత రాజధాని పెనుకొండకే తరలింది గనుక సీమ ప్రేక్షకులకు అది ఇంటి కథ.

ఆ కాలంలో నాటకమంటే పద్యం, పద్యమంటే రాగం. చచ్చిపడిన పాత్ర కూడా ‘వన్స్‌మోర్’ వినబడగానే లేచి మళ్లీ పద్యం ఎత్తుకునేదని చెప్పుకుంటారు. ఈ తంతు రాఘవకు గిట్టేది కాదు. పద్యాన్ని మాటలా విరిచి, అర్థం తెలిసేలా చెప్పేవారు. ఆడవేషాలు ఆడవాళ్లే వేయాలని పట్టుబట్టేవారు. అలా నటి కొమ్మూరి పద్మావతీదేవి ఆయనతో రంగమెక్కారు.

కెమెరాకు కావలసింది పద్యాన్ని మాటలా చెప్పే ఈ నటనే కదా! కానీ తొలి టాకీల్లోనూ పెత్తనం పద్యానిదే. 1936లో ద్రౌపది కథ మీద రెండు సినిమాలు పోటీకి దిగాయి. ఒకటి ‘ద్రౌపదీ మానసంరక్షణం’. అందులో రాఘవ దుర్యోధనుడు, బందా కనకలింగేశ్వరరావు కృష్ణుడు. రెండోది ‘ద్రౌపదీ వస్త్రాపహరణం’. అందులో యడవల్లి సూర్యనారాయణ దుర్యోధనుడు, కన్నాంబ ద్రౌపది. జనం దానివైపే మొగ్గారు. అప్పటికి రాఘవకు దాదాపు యాభై ఆరేళ్లు.

ఆయనకు తగిన పాత్ర దొరికింది దర్శకుడు గూడవల్లి రామబ్రహ్మం తీసిన ‘రైతుబిడ్డ’లోనే. షావుకారు దగ్గర అప్పు చేసిన నర్సిరెడ్డి (రాఘవ) ఎన్నికల్లో జమీందారు మనిషిని కాదని రైతు అభ్యర్థికి ఓటు వేస్తాడు. దాంతో కష్టాలన్నీ అతని ఇంటిమీదికే వస్తాయి. కిరీటం, గద లేని వేషం, సాదా రైతు. సినిమా జమీందార్లకు కంటగింపై, కొన్నిచోట్ల ప్రదర్శన ఆగిపోయింది. విచిత్రమేమిటంటే, దీనికి డబ్బు పెట్టింది కూడా ఒక జమీందారే, చల్లపల్లి రాజా.

తర్వాతిది ‘చండిక’. అందులో కన్నాంబదే ప్రధాన పాత్ర. ఆపై రాఘవ మళ్లీ తెరమీదికి రాలేదు. 1946 ఏప్రిల్ 16న కన్నుమూశారు. 1981లో తపాలా శాఖ రాఘవ బొమ్మతో స్టాంపు విడుదల చేసింది.