ఇంగ్లీషోళ్ళా, బ్రిటిషోళ్ళా?

మన ఊళ్ళల్లో పెద్దవాళ్ళు దొరలందర్నీ కలిపి ‘ఇంగ్లీషోళ్ళు’ అనేస్తారు. ఆఫీసులో యూకే క్లయింటు గురించి మాట్లాడేప్పుడు మనమూ అంతే. కానీ రాయలసీమలో ఇప్పటికీ చెప్పుకునే థామస్ మన్రో పుట్టింది గ్లాస్గోలో. మన ఊళ్ళ కైఫియత్తులు పోగుచేయించిన కాలిన్ మెకంజీది లూయిస్ దీవి. ఇద్దరూ స్కాట్లాండు వాళ్ళే! మరి వీళ్ళు బ్రిటిషువాళ్ళు ఎప్పుడయ్యారు, ఎందుకయ్యారు?

నాకు తృప్తినిచ్చిన జవాబు లిండా కాలీ అనే చరిత్రకారిణి 1992లో రాసిన ‘బ్రిటన్స్’ పుస్తకంలో దొరికింది. ఆవిడ వాదన ఇదీ: 1707లో ఇంగ్లండు, స్కాట్లాండు పార్లమెంట్లు కలిశాయి గానీ జనం కలవలేదు. వాళ్ళు కలవడానికి ఇంకో 130 ఏళ్ళు పట్టింది. కలిపినవి ముఖ్యంగా మూడు. ప్రొటెస్టెంట్ మతం, కాథలిక్ ఫ్రాన్సుతో 1815 దాకా మళ్ళీ మళ్ళీ వచ్చిన యుద్ధాలు, సామ్రాజ్యం. ‘మనమెవరం’ అన్నది తేలకపోయినా ‘మనం వాళ్ళం కాదు’ అన్నది తేలిపోయింది. ఇక సొంతూళ్ళో పెద్దగా అవకాశాల్లేని స్కాట్ కుర్రాళ్ళకి ఈస్టిండియా కంపెనీ మంచి దారి చూపించింది. ఒకరకంగా ఆన్‌సైట్ అన్నమాట :) మన్రో 1780లో మద్రాసులో దిగింది అలాగే.

నాకు బాగా నచ్చిన సంగతి ఇంకోటుంది. స్కాట్లు తమ గుర్తింపు వదిలేసుకుని బ్రిటిషువాళ్ళు కాలేదంటారు కాలీ. పాతది అలాగే ఉంది, దానిమీద ఇంకోటి చేరింది. అయితే 1801లో కలిసిన ఐర్లండుని ఆవిడ కావాలనే పక్కన పెట్టడం నాకు నచ్చలేదు. అతుకు పట్టని చోటే కదా సిద్ధాంతానికి అసలు పరీక్ష?

సరే, ఆ మూడూ పోతే ఏమవుతుంది? ఫ్రాన్సు ఇప్పుడు శత్రువు కాదు, సామ్రాజ్యం లేదు, చర్చికెళ్ళేవాళ్ళు తగ్గారు. 2014 సెప్టెంబరు రిఫరెండంలో 55 శాతం మంది కలిసుందామనబట్టి స్కాట్లాండు ఉండిపోయింది. 2016లో దేశం మొత్తమ్మీద బ్రెగ్జిట్ గెలిస్తే, స్కాట్లాండులో 62 శాతం మంది యూరప్‌తోనే ఉంటామన్నారు.

అదే 2014 జూన్‌లో, 1956లో కలిసిన మన రాష్ట్రం రెండయింది. భాష ఒకటే అయినా సరిపోలేదు. అందుకే ‘మనమంతా అనాదిగా ఒక్కటే’ అని ఎవరైనా గొంతు పెంచితే నాకు నమ్మబుద్ధి కాదు. అలాగని ఐక్యతంతా బూటకమనీ అనను. మనుషులు కట్టుకున్నదే అయినా అందులో కాపురం ఉండేది నిజం మనుషులే. కాకపోతే కలిసుండటానికి తాతలనాటి కారణాలు మనవలకి చాలవు, కొత్తవి వెతుక్కోవాలి.

మీరేమంటారు?