టోక్యో మెరక పల్లాలు: విద్యుత్ సైకిల్ మీద ఒక పర్యటన

టోక్యో నగరాన్ని రైలు పటం చూసి తెలుసుకున్నవారికి అది చదునైన నగరమనే భావన కలగడం సహజం; భూగర్భ రైలులో ఒక స్టేషను నుంచి మరో స్టేషనుకు పోయేటప్పుడు పైన నేల ఎక్కడ లేచిందో, ఎక్కడ దిగిందో ప్రయాణికుడికి తెలిసే వీలు లేదు. వాస్తవానికి నగర కేంద్రంలో పడమటి భాగమంతా ముసాషినో పీఠభూమి తూర్పు అంచు మీద ఉంది. చిన్న చిన్న ఏర్లు వేల ఏళ్లపాటు కోసుకుంటూ పోవడం వల్ల ఆ అంచు మెరకలుగానూ, వాటి నడుమ సన్నని పల్లాలుగానూ చీలి, తూర్పున సుమిదా నది ఒండ్రునేలలో కలిసిపోతుంది. మెరక మీది నగరాన్ని యమనోతె అనీ, పల్లపు నగరాన్ని షితమాచి అనీ అక్కడివారు వ్యవహరిస్తారు. తొకుగావా వంశపు షోగున్లు, అంటే చక్రవర్తి పేరు మీద దేశాన్ని ఏలిన సేనాధిపతులు, 1603 నుంచి 1868 వరకు ఇక్కడి నుంచే పాలించిన కాలంలో నగరం పేరు ఎడో. అప్పట్లో దైమ్యోలనే ప్రాంతీయ ప్రభువుల భవంతులు ఎక్కువగా మెరకల మీద వెలిస్తే, వర్తకులూ చేతిపనివారూ పల్లంలో ఇరుకు వీధుల్లో సర్దుకున్నారు. ఆ పాత అమరిక నేటికీ చెరిగిపోలేదనీ, దాన్ని ఒంటితో తెలుసుకోవడానికి విద్యుత్ సైకిలుకు మించిన వాహనం లేదనీ ఇటువంటి పర్యటనలో పాల్గొన్నవారికి బోధపడుతుంది. నిర్వాహకులు మాత్రం దీన్ని చెమట పట్టకుండా ప్రసిద్ధ స్థలాలన్నీ చూపించే ఏర్పాటుగానే ప్రచారం చేసుకుంటారు.

వాహనం సంగతి ముందుగా కొంత వివరించవలసి ఉంది. తెలుగునాట ఎలక్ట్రిక్ బైక్ అనగానే బ్యాటరీతో నడిచే స్కూటరో మోటారు సైకిలో గుర్తుకొస్తుంది. జపానులో ఈ పర్యటనలకు ఇచ్చేది అది కాదు, తొక్కితేనే కదిలే సైకిలు. పెడళ్ల ఇరుసు దగ్గర అమర్చిన సెన్సారు కాలు ఎంత బలంగా నొక్కుతోందో కొలుస్తుంది, దాన్ని బట్టి మోటారు తన సాయం కలుపుతుంది, కాలు ఆగితే మోటారూ ఆగుతుంది. యమహా సంస్థ 1993లో పాస్ అనే పేరుతో ఈ తరహా సైకిలును ప్రపంచంలో మొదటిసారి అమ్మకానికి పెట్టింది. జపాను చట్టం ప్రకారం గంటకు 10 కిలోమీటర్ల వేగం వరకు మోటారు సాయం మనిషి బలానికి రెండింతలు మించకూడదు, ఆపైన వేగం పెరిగేకొద్దీ సాయం తగ్గుతూ పోయి 24 కిలోమీటర్ల దగ్గర పూర్తిగా నిలిచిపోవాలి. 2008 చివరి వరకు ఆ పరిమితి ఒకటికి ఒకటిగానే ఉండేది. తొక్కకుండానే పరుగెత్తే బండిని అక్కడి చట్టం సైకిలుగా లెక్కించదు, దానికి నంబరు ప్లేటు తప్పనిసరి.

ఈ సైకిలు పర్యాటకుల కోసం పుట్టినది కాదన్న సంగతి ఉదయం ఎనిమిది గంటల వేళ నగరంలోని ఏ వాలు దగ్గర నిలబడినా తేటతెల్లమవుతుంది. ముందొక బిడ్డను, వెనకొక బిడ్డను కూర్చోబెట్టుకుని, వెనక సీటు మీద పారదర్శకమైన వాన తొడుగు కప్పి, శిశు సంరక్షణ కేంద్రం వైపు నిటారుగా కూర్చుని ఎగువకు తొక్కుతూ పోయే తల్లులే దీని అసలు వినియోగదారులు. ప్రమాణాలకు తగిన సైకిళ్ల మీద ఇద్దరు పసిపిల్లలను ఎక్కించుకోవడానికి 2009 జూలైలో అనుమతి లభించింది. హ్యాండిలుకు ఎడమ పక్కన ఉండే చిన్న మీటల పలక మీద మూడు స్థాయిలు కనిపిస్తాయి: బలంగా, తనంతట తాను సర్దుకునేలా, పొదుపుగా. వాటి పక్కన బ్యాటరీలో ఎంత శాతం మిగిలిందో చూపే అంకెలు. సీటు కింద నిలువుగా అమర్చిన బ్యాటరీ మూడు గిన్నెల టిఫిన్ క్యారియరంత ఉంటుంది, తాళంచెవి తిప్పి దాన్ని ఊడదీసి ఇంట్లోకి తీసుకుపోయి ఛార్జింగు పెట్టుకుంటారు. తొలిసారి ఎక్కినవారు సాధారణంగా మొదటి తొక్కుకే బండి ముందుకు ఉరకడంతో తడబడతారు. అందుకే మార్గదర్శి బయలుదేరే ముందు ఖాళీ స్థలంలో అందరిచేతా కొన్ని చుట్లు తిప్పించి, కూడలి దగ్గర ఆగినప్పుడు పెడలు మీద కాలు ఆనించి ఉంచవద్దని మరీ మరీ చెబుతాడు.

నియమాల పాఠం అంతకంటే పొడుగ్గా సాగుతుంది, సాగవలసిందే. జపాను చట్టం దృష్టిలో సైకిలు ఒక వాహనం కాబట్టి అది రోడ్డు ఎడమ అంచునే పోవాలి. గుర్తు పలక అనుమతించిన కాలిబాటల మీద నెమ్మదిగా పోవచ్చు గాని అక్కడ నడిచేవారిదే మొదటి హక్కు. పదమూడేళ్లలోపు పిల్లలకూ డెబ్భై నిండినవారికీ కాలిబాట విషయంలో సడలింపు ఉంది. పక్కపక్కన తొక్కడం నిషిద్ధం, కనుక బృందం మొత్తం ఒకరి వెనక ఒకరుగా సాగుతుంది. కుడివైపు తిరగాలంటే ముందు కూడలి నేరుగా దాటి, ఆవలి మూల ఆగి, అక్కడి సిగ్నలు పడ్డాక రెండో దాటు దాటాలి. నడిచేవారిని తప్పుకొమ్మని గంట కొట్టడం కూడా చట్టవిరుద్ధమే. హారనుతోనే సంభాషించుకునే మన పట్టణాల నుంచి వెళ్లినవారికి అన్నిటికంటే కష్టసాధ్యమైన నియమం బహుశా ఇదే. హెల్మెట్ పెట్టుకునేందుకు ప్రయత్నించాలన్న బాధ్యతను 2023 ఏప్రిల్ నుంచి అన్ని వయసులవారికీ వర్తింపజేశారు. 2026 ఏప్రిల్ నుంచి పదహారేళ్లు నిండిన సైకిలిస్టులకు అక్కడికక్కడే జరిమానా చీటీ ఇచ్చే పద్ధతి అమలులోకి రాగా, ఫోను చేతపట్టుకుని తొక్కినవారికి పడే మొత్తం 12,000 యెన్లు.

షిబా ప్రాంతంలోని జోజోజి ఆలయం నుంచి మొదలయ్యే దారిలో తొలి మజిలీలు చదును నేల మీదే ఉన్నాయి. ఆరుగురు షోగున్ల సమాధులున్న ఈ బౌద్ధాలయపు 1622 నాటి ఎర్రని చెక్క ద్వారం, దాని వెనుక 1958లో పూర్తయిన 333 మీటర్ల టోక్యో టవరు ఒకే చట్రంలో కనిపించడం వల్ల ఫొటోలకు ఇక్కడ కొంతసేపు కేటాయిస్తారు. అక్కడికి కొద్ది దూరంలోని అతాగో గుట్ట ఎత్తు 25.7 మీటర్లు మాత్రమే అయినా, నగరంలోని 23 వార్డుల్లో సహజంగా ఏర్పడిన గుట్టలన్నిటిలో ఎత్తయినదిగా దానికి పేరు. మీది షింతో మందిరానికి, అంటే జపాను దేశీయ దేవతల గుడికి, నిట్టనిలువుగా 86 రాతి మెట్లున్నాయి. 1634లో ఒక సామురాయి షోగున్ ఇయెమిత్సు కోరిన ప్లమ్ జాతి పూలకొమ్మ కోసం గుర్రం మీదే ఆ మెట్లెక్కి, దిగి, కీర్తి గడించాడన్న కథ వల్ల వాటిని ఉన్నతి మెట్లని పిలుస్తారు. సైకిళ్లు దిగువన వదిలి ఎక్కినవారికి పైన కొలను, చెట్లు, చుట్టూ గుట్టను మరుగుజ్జును చేసిన భవనాలు కనిపిస్తాయి. 1925లో జపాను రేడియో ప్రసారాలకు ఈ గుట్టను ఎంచుకున్నది ఎత్తు కోసమే. ఇప్పుడు ఇక్కడ ప్రసారాల మ్యూజియం ఉంది.

పర్యటనకు ప్రాణమైన భాగం అజబు వాలుల్లో ఉంది. మినాతో వార్డుకు చెందిన ఈ ప్రాంతంలో ప్రతి వాలుకూ ఒక పేరు, ప్రతి పేరుకూ ఒక కథ, ఆ కథను రెండు మూడు వాక్యాల్లో చెక్కిన ఒక స్తంభం వాలు మొదట్లోనో చివర్లోనో కనిపిస్తాయి. పేర్ల చివర వినిపించే జకా అన్న మాటకు వాలుబాట అని అర్థం. చెట్లు కమ్ముకుని పట్టపగలే చీకటిగా ఉండేది కాబట్టి కురాయమిజకా ఒక చీకటి వాలు. దాని పైకొసన నక్కను పోలిన తనుకి అనే జంతువు పేరుగల వాలు, మరి రెండు వాలులు ఒక ఒంటరి పైన్ వృక్షం దగ్గర కలుసుకుంటాయి. చీకటి వాలు ఎక్కేటప్పుడు సాయం స్థాయిని బలానికి మార్చినా శ్వాస మారుతుంది, తొడలకు భారం తెలుస్తుంది, అయితే దిగి నెట్టుకుంటూ పోవలసిన అవసరం రాదు. ఈ మధ్యస్థ స్థితిలోనే వాలు ఎక్కడ మొదలై ఎక్కడ మలుపు తిరిగి ఎక్కడ తీరిందో శరీరానికి గుర్తుండిపోతుంది. కారులో ఇది అసలే తెలియదు, మామూలు సైకిలు మీద అలసట తప్ప మరేమీ తెలియదు. మరీ నిటారైన చోట్ల కాంక్రీటు రోడ్డు మీద వలయాల వంటి గుండ్రని గాళ్లు వరుసలుగా ఉంటాయి. కాంక్రీటు పచ్చిగా ఉన్నప్పుడే రింగులు నొక్కి తీసిన ఆ గాళ్లు వాన నీటిని లాగి చక్రం జారకుండా పట్టునిస్తాయి, దిగేటప్పుడు వాటి మీది నుంచి సన్నని అదురు హ్యాండిలు దాకా పాకుతుంది. పాత ప్రభువుల భవంతులున్న మెరకల మీద ఇప్పుడు రాయబార కార్యాలయాల గోడలు కనిపించడం, కింద అజబు-జుబాన్‌లో దుకాణాల వీధి సాగడం కాకతాళీయం కాదు. పెద్ద ఖండాలుగా చేతులు మారిన నేల పైన, చిన్న ముక్కలుగా మిగిలిన నేల కింద.

ఇదే చుట్టుపక్కల మరో విషయం మార్గదర్శి ప్రస్తావించకపోయినా గమనించదగినది. 2023లో ప్రారంభమైన అజబుదాయ్ హిల్స్ అనే సముదాయం, అందులోని 325 మీటర్ల టవరు గజెన్‌బో లోయ అనే పాత సన్నని పల్లాన్ని మింగేసి లేచినవి. పేరులో హిల్స్ అని పెట్టుకుని పల్లాన్ని పూడ్చి ఎస్కలేటర్లతో సరిచేయడం వాణిజ్యానికి లాభమే గాని, నగరం తన నేల రూపాన్ని ఈ విధంగా ఒక్కొక్క ముక్కగా కోల్పోతోందన్న విమర్శను కాదనలేము.

అయోయామా మెరక దాటి పడమరకు పోయేకొద్దీ పల్లాల కథ ఇంకా విచిత్రమవుతుంది. ఒమోతెసాందో అనే ప్రసిద్ధ వీధి 1920లో ప్రతిష్ఠితమైన మెయిజి మందిరానికి రాచబాటగా వేసినది. రెండు పక్కలా చెట్లున్న ఆ వీధి మధ్యలో ఒక దిగుడు, మళ్లీ ఒక ఎగువ ఉన్నాయని సైకిలు మీద గాని స్పష్టం కాదు. ఆ దిగుడులో అడ్డంగా వంకరలు తిరుగుతూ పోయే క్యాట్ స్ట్రీట్ అనే బట్టల దుకాణాల సందు నిజానికి షిబుయా ఏరు. 1964 ఒలింపిక్స్‌కు ముందు దాన్ని కప్పేసి పైన దారి వేశారు. నీరు పల్లమెరుగుతుంది గనుక దారి ఇప్పటికీ ఏటి వంపులనే అనుసరిస్తోంది, పాత వంతెన రాతి స్తంభాలు పక్కన మిగిలే ఉన్నాయి. ఈ సందు వెంబడి దిగువకు పోతే చేరేది షిబుయా. మియమసుజకా, దోగెన్‌జకా అనే రెండు వాలుల నడుమ పల్లంలో ఆ స్టేషను ఉంది. 1927లో ఆసియాలో మొదటి భూగర్భ రైలుగా మొదలైన గింజా లైను మెరక కింది సొరంగంలో వచ్చి, నేల దిగిపోవడం వల్ల 1938 నుంచీ షిబుయాలో మూడో అంతస్తు ఎత్తున వంతెన మీదికి బయటపడుతోంది. భూగర్భ రైలు ఆకాశంలో ఆగడానికి కారణం ఇంజనీర్ల చమత్కారం కాదు, నేల పల్లం. ఇంత చెప్పవలసింది ఉండగా పర్యటన కార్యక్రమంలో హచికో కుక్క విగ్రహానికీ, జనం నలుదిక్కులా దాటే కూడలికీ ఎక్కువ సమయం కేటాయించడం విచారకరం. మెయిజి మందిరంలోకి సైకిళ్లకు ప్రవేశం లేదు. దేశమంతటి నుంచీ దానంగా వచ్చిన సుమారు లక్ష మొక్కలతో 70 హెక్టార్లలో పెంచిన ఆ అడవిని నడిచే చూడాలి.

తిరుగు ప్రయాణం చక్రవర్తి ప్రాసాదం వైపు సాగుతుంది. ఎడో నగరానికి తాగునీటి కోసం 1653లో పడమటి నుంచి 43 కిలోమీటర్ల పొడవున తవ్విన తామగావా కాలువ సరిగ్గా ఈ మెరకల నడిగట్టు వెంట యోత్సుయా వరకు వచ్చింది. మొత్తం దూరానికి వాలు 92 మీటర్లే, ఏ యంత్రమూ లేదు. గట్టు తప్పితే నీరు పక్క పల్లాల్లోకి జారిపోతుంది కనుక తవ్వినవారికి నేల ఎత్తు మీద ఉన్న అవగాహన ఆశ్చర్యకరమైనది. హంజోమోన్ ద్వారం దగ్గర మెరక చివరకొచ్చిన సైకిళ్లు కందకం పక్కనే మియకెజకా వాలు మీద పెడలు తొక్కకుండా దిగుతాయి. ఒక పక్క లోతైన గడ్డి గట్టు, దాని అడుగున నీరు; ఎదురుగా సకురదమోన్ ద్వారం. 1860లో షోగున్ ప్రభుత్వపు ప్రధాన మంత్రి వంటి పదవిలో ఉన్న ఇయి నాఒసుకె ఈ వాలు మీది తన భవంతి నుంచి బయలుదేరి, మంచు కురుస్తుండగా ఆ ద్వారం బయటే హత్యకు గురయ్యాడు. ఇల్లు, ద్వారం ఎంత దగ్గరగా ఉన్నాయో వాలు దిగిన తరువాతే అర్థమవుతుంది. ఆదివారాల్లో ఈ ప్రాసాదం ముందరి రోడ్డులో కొంత భాగాన్ని కార్లకు మూసి సైకిళ్లకు వదిలిపెడతారు.

ఆ తరువాత నేల మరి లేవదు. ఎడో కాలపు ఐదు రహదారులకు సున్నా మైలురాయి అయిన నిహోంబషి వంతెన, 1911 నాటి రాతి కట్టడం, 1963లో తలపై వేసిన ఎక్స్‌ప్రెస్ రోడ్డు నీడలో ఉంది. ఆ రోడ్డును భూగర్భంలోకి దించే పనులు సాగుతున్నాయి. సుమిదా నది దాటి ఇంకా తూర్పుకు పోతే ఎడోగావా వార్డు వస్తుంది. అక్కడి నిషి-కసాయిలో భారతీయ సాఫ్ట్‌వేర్ ఉద్యోగుల కుటుంబాలు, వాటిలో తెలుగువారివీ, స్థిరపడ్డాయి. ఆ వార్డు నేలలో సుమారు 70 శాతం సముద్రపు పోటు మట్టం కంటే దిగువన ఉంది. వరద వస్తే ఇక్కడ ఉండరాదన్న హెచ్చరికను 2019లో వార్డు యంత్రాంగమే తన ప్రమాద పటం మీద అచ్చువేసి ఇంటింటికీ పంచింది. నిషి-కసాయి పక్కనే ఉన్న కసాయి స్టేషను భూగర్భంలో 6,480 సైకిళ్లను యంత్రమే అందుకుని లోపలికి దించి దాచే నిలుపుదల స్థలముంది. పల్లపు ప్రాంతంలో ప్రతి ఇంటా సైకిలు ఉంటుంది, వాటిలో ఎన్నిటికో మోటారు అవసరం లేదు. మార్గదర్శులు నడిపే విద్యుత్ సైకిళ్ల బృందాలు ఇంత దూరం రావడం అరుదు, ఎక్కడానికి వాలు లేదు కాబట్టి.