అత్తగారి పుట్టింటి సముద్రం

ముందే చెప్పేస్తున్నాను, ఆ రోజు నేను బయలుదేరింది మా అత్తగారి దగ్గర్నుంచి ఒక్క రోజు సెలవు కోసం. తిట్టుకోకండి. పొద్దున్న కాఫీ దగ్గర్నుంచి రాత్రి మాత్రల దాకా ఇరవై ఎనిమిదేళ్ళుగా ఒకే కప్పు కింద ఉంటున్న మనిషిని నేను. మీలో అత్తగారితో కలిసి ఉంటున్నవాళ్ళకి ఈ మాట వేరే విడమర్చి చెప్పక్కర్లేదు. ఆవిడ చెడ్డవారేం కాదు. పోపులో ఆవాలు మాడాయని ఒక్కసారి అంటే సరిపోయేదానికి నాలుగుసార్లు అంటారు, అంతే.

ఈ ప్రయాణం ఆలోచన వేల్స్ నుంచి వచ్చిందంటే నవ్వుతారు. మా ఆడపడుచు కూతురు కార్డిఫ్‌లో ఉంటోంది. వదిన అక్కడికి వెళ్ళినప్పుడు ఆ పిల్ల వాళ్ళమ్మని ఒకరోజు చిన్న వ్యాను ఎక్కించి పంపిందట. మొత్తం ఎనిమిదిమంది, వాళ్ళతో ఒక గైడు. పొద్దున్నే బయలుదేరి సముద్రం ఒడ్డు వెంబడి ఊరూరా ఆగుతూ, కథలు వింటూ సాయంత్రానికి ఇంటికి చేరిపోవడమే. అక్కడ తీరం పొడవునా నడవడానికి 2012లో ఒక బాటే తెరిచారట, 870 మైళ్ళు! వదిన ఫొటోలు పంపింది. బూడిదరంగు సముద్రం, నల్లరాళ్ళు, మధ్యలో స్వెట్టరు వేసుకుని చీరకట్టులో వదిన. మా అత్తగారు కళ్ళజోడు సర్దుకుని కూతురి ఫొటో చూసి, "ఇదేటే, మా కళింగపట్నంలాగే ఉంది. ఎండ లేదు, అంతే" అన్నారు.

ఆ మాట నా బుర్రలో ఉండిపోయింది. విజయనగరంలో ఇన్నేళ్ళుగా కాపురం ఉంటూ మన తీరం నేనెంత చూశాను? భీమిలి నాలుగుసార్లు, చింతపల్లి లైట్‌హౌస్ దగ్గరికి పిల్లలతో ఒకసారి. శ్రీకాకుళం జిల్లాకే దాదాపు 190 కిలోమీటర్ల సముద్రం ఒడ్డు ఉందంటారు. అందులో నేను తొక్కింది గజం కూడా లేదు.

సరిగ్గా అప్పుడే మా వీధిలో టీచరుగారు ఒక అమ్మాయి గురించి చెప్పారు. చరిత్రలో ఎమ్మే చేసిందట. నెలకోసారి ఆడవాళ్ళని, పదిమందికి మించకుండా, వ్యానులో తీసుకెళ్ళి చూపించి తీసుకొస్తుందట. టిఫిను, భోజనంతో సహా మనిషికి 1,800 రూపాయలు. చెప్పొద్దూ, కాస్త ఎక్కువే అనిపించింది. కానీ పోపుల డబ్బా అడుగున దాచినవి ఎప్పుడు పనికొస్తాయి? ఒక్క సీటుకి డబ్బు కట్టేశాను.

ముందురోజు రాత్రి పులిహోర కలుపుతుంటే అత్తగారు వంటింటి గుమ్మంలోకి వచ్చి నిలబడ్డారు. "ఆ బండిలో ఇంకో సీటు ఉంటుందేటి?" అన్నారు. ఆవిడ పుట్టిల్లు కళింగపట్నమని నాకు తెలుసు. అక్కడ ఇప్పుడు ఎవరూ లేరనీ తెలుసు. అయినా, "నిండిపోయింది అత్తయ్యా" అనేశాను. నేను ఎవర్నీ అడగనేలేదు. ఆవిడ "సర్లే, ఈ మోకాళ్ళతో నేనెక్కడికి" అని వెళ్ళి పడుకున్నారు.

పులిహోర పూర్తయింది కానీ నాకు నిద్ర పట్టలేదు. తొమ్మిదిన్నరకి ఆ అమ్మాయికి ఫోన్ చేశాను. "ఒకరు రావట్లేదండీ, మామ్మగారిని తప్పకుండా తీసుకురండి, మడతకుర్చీ ఒకటి పట్టుకొస్తాను" అంది. లేపి చెప్తే అత్తగారు ఏమీ అనలేదు. లేచి బీరువా తీశారు.

తెల్లవారుజామున అయిదున్నరకి బయలుదేరాం. ఇక్కడ మనలో మన మాట ఒకటి. మనం ఊరు వెళ్తే ముందు మానేసేది మంచినీళ్ళు. దారిలో బాత్‌రూమ్ ఎక్కడ దొరుకుతుందో అని నోరు ఎండబెట్టుకుని, ఇంటికొచ్చాక మంటలని ఏడుస్తాం. ఆ అమ్మాయి బండి కదలగానే ఎక్కడెక్కడ ఆగుతామో, అక్కడ శుభ్రమైన బాత్‌రూములు ఎక్కడున్నాయో చదివి వినిపించింది. పెట్రోలు బంకు ఒకటి, కళింగపట్నంలో మేం భోంచేసే ఇల్లు ఒకటి. అది విన్నాక బండిలో అందరం సీసా మూతలు తీశాం. మీరు ఎవరితో వెళ్ళినా డబ్బు కట్టేముందు ఈ ఒక్కమాట అడగండి. మొహమాటపడకండి.

మొదట అరసవల్లి. ఆదివారమైతే సూర్యనారాయణ స్వామి దగ్గర ఇసకేస్తే రాలరు కాబట్టి మా గైడు గురువారం పెట్టింది. మార్చిలో, అక్టోబరులో కొద్దిరోజులు పొద్దుటి కిరణాలు గుడిలోకి సూటిగా వచ్చి స్వామి పాదాలని తాకుతాయి. ఆ రోజుల్లో రావాలంటే తోపులాటకి సిద్ధపడి రావాలి. మేం వెళ్ళింది ఫిబ్రవరిలో, హాయిగా దర్శనం అయింది.

అక్కడి నుంచి శ్రీకూర్మం. ఇక్కడ కాస్త ఆగి చెప్తాను. విష్ణుమూర్తి కూర్మావతారానికి గుడి ఉండడమే అరుదు. ఇక్కడ స్వామి పడమటి ముఖంగా ఉంటారు. ధ్వజస్తంభాలు రెండు, తూర్పున ఒకటి, పడమట ఒకటి. స్తంభాల మీద పాత తెలుగు శాసనాలు, ప్రదక్షిణ మంటపం గోడల మీద రంగులు వెలిసిన బొమ్మలు. నేనైతే గైడు లేకుండా వస్తే దణ్ణం పెట్టుకుని ప్రసాదం తిని వెళ్ళిపోయేదాన్ని, ఆ గోడలవంక తలెత్తి చూసేదాన్ని కాదు. గుడిలో నక్షత్ర తాబేళ్ళని పెంచుతున్నారు. వీపు మీద పసుపురంగు చుక్కల ముగ్గు వేసినట్టే ఉంటుంది. మాలో ఒకావిడ ఆ ముగ్గుని తన నోటు పుస్తకంలో వేసుకుంది కూడా.

శ్రీకూర్మంలో పితృకార్యాలు చేస్తారు. చుట్టుపక్కల ఊళ్ళవాళ్ళు అస్థికలు తెచ్చి శ్వేతపుష్కరిణిలో కలుపుతారు. గైడు ఈ సంగతి చెప్తుండగా చూస్తే అత్తగారు మాతో లేరు. పుష్కరిణి మెట్ల మీద, కింద నీళ్ళకి రెండు మెట్ల ఇవతల నిలబడి ఉన్నారు. మోకాళ్ళు నొప్పులన్న మనిషి అన్ని మెట్లు ఎలా దిగారో! నేను వెళ్ళి చెయ్యి పట్టుకుంటే, "పద" అన్నారు. అంతకు మించి మాట లేదు. ఎండకి కళ్ళు తిరిగాయేమో అనుకుని మజ్జిగ ఇప్పించాను.

గార మండలంలో ఒక్కచోటే శ్రీకూర్మం, కళింగపట్నం, శాలిహుండం మూడూ ఉన్నాయి. అందుకే ఒక్కరోజులో చూడగలిగాం. పదకొండున్నరకి కళింగపట్నం చేరాం. ఒడిశా కొండల్లో పుట్టిన వంశధార ఇక్కడ సముద్రంలో కలుస్తుంది. ఒకప్పుడు ఓడలు ఆగిన రేవు. ఇప్పుడు లైట్‌హౌస్ ఉంది, తెల్లటి ఇసక ఉంది, పడవలు ఉన్నాయి. గైడు పాత రేవు గురించి చెప్తుంటే అత్తగారు అందుకుని, వాళ్ళ తాతగారు ఆ రేవులోనే గుమస్తా అని చెప్పారు. ఆ పిల్ల గబగబా పుస్తకం తీసి రాసుకుంది! ఇంట్లో ఎవరం ఆవిడ మాట అంత శ్రద్ధగా విన్న గుర్తు లేదు.

ఒక హెచ్చరిక. నది కలిసే చోట నీళ్ళు పైకి నెమ్మదిగా కనిపిస్తాయి, కింద లాగేస్తాయి. మా గైడు మమ్మల్ని చీలమండలు దాటి దిగనివ్వలేదు. పిల్లలతో వెళ్ళేవాళ్ళు గుర్తుపెట్టుకోండి.

ఒడ్డున చచ్చిపోయిన పెద్ద తాబేలు ఒకటి పడి ఉంది. ఆలివ్ రిడ్లే అంటారట. చలికాలం చివర్లో ఆడ తాబేళ్ళు ఈ తీరానికి వచ్చి, రాత్రిపూట ఇసకలో గొయ్యి తవ్వుకుని ఒక్కొక్కటి వంద దాకా గుడ్లు పెట్టి వెళ్ళిపోతాయి. పిల్లలు బయటికి రావడానికి ఏడెనిమిది వారాలు. నక్కలూ కుక్కలూ తవ్వెయ్యకుండా అటవీశాఖ వాళ్ళు గుడ్లు ఏరి కంచెలు కట్టి కాపాడుతున్నారు. కానీ సముద్రంలో పెద్ద మరపడవల వలల్లో చిక్కుకుంటే పైకి వచ్చి ఊపిరి పీల్చుకోలేక చచ్చిపోతాయి. "అక్కడ పూజలు, ఇక్కడ ఇలాగ" అన్నారు అత్తగారు.

భోజనం ఊళ్ళో ఒక ఇంట్లో. ఎండు నెత్తళ్ళు, పచ్చి మామిడికాయ కూర పెట్టింది ఆ ఇల్లాలు. తెలియనివాళ్ళకి చెప్తాను. నెత్తళ్ళ తలలు గిల్లేసి, ఉత్త మూకుడులో దోరగా వేయించి, వేడినీళ్ళలో కడగాలి. అప్పుడే ఇసక పోతుంది. నూనెలో ఉల్లిపాయ, పచ్చిమిర్చి వేగాక మామిడికాయ ముక్కలు వేసి మగ్గనిచ్చి, కారం, పసుపు, నెత్తళ్ళు వేసి నీళ్ళు చిలకరించాలి. ఉప్పు మాత్రం రుచి చూసే వేయాలి, చేపలోనే ఉంటుంది. చివర్న చిన్న బెల్లం ముక్క. అత్తగారు రెండోసారి అడిగి వడ్డించుకున్నారు. "మా అమ్మ ఇలాగే చేసేది" అన్నారు. శాకాహారులిద్దరికీ పప్పు, ఆవ పెట్టిన వంకాయ కూర.

భోజనాలయ్యాక పుట్టిల్లు వెతుక్కుంటూ వెళ్ళాం. ఆ స్థలంలో మేడ లేచింది. నుయ్యి పూడ్చేశారు. ఆవిడ వీధిలోంచే చూసి, "పద, సముద్రం దగ్గర కూర్చుందాం" అన్నారు. మిగిలినవాళ్ళు లైట్‌హౌస్ వైపు వెళ్ళారు. మడతకుర్చీలో ఆవిడ, ఇసకలో నేను.

అప్పుడు చెప్పారు. 1976లో వాళ్ళమ్మకి సీరియస్‌గా ఉందని పొద్దున్నే టెలిగ్రాం వచ్చిందట. ఆ రోజు మా ఇంట్లో ఆడపడుచుకి పెళ్ళిచూపులు. "పెళ్ళివాళ్ళు తిని వెళ్ళాక వెళ్దువుగాని" అన్నారట వాళ్ళ అత్తగారు. పదిహేనుమందికి వండారట. అప్పటికి సాయంత్రమైంది, బస్సు వెళ్ళిపోయింది. మర్నాడు శ్రీకాకుళంలో బస్సు మారి ఇక్కడికి చేరేసరికి దహనం కూడా అయిపోయింది. అస్థికలు వాళ్ళ నాన్నగారు శ్రీకూర్మం తీసుకెళ్ళారట. అప్పుడూ ఈవిడ్ని పంపలేదు, చంటిపిల్లాడు ఉన్నాడని. ఆ చంటిపిల్లాడు మావారే.

"ఆ రోజు గుత్తొంకాయ కూరలో ఉప్పు వెయ్యడం మర్చిపోయానే. ఎవరూ ఏమీ అనలేదు. ఎందుకు అనలేదో నాకు ఇప్పటికీ తెలీదు" అన్నారు. ఏడవలేదు. చీర కొంగుతో కళ్ళజోడు తుడుచుకున్నారు, ఉప్పుగాలికి మసకబారిందని.

నాకేం మాట్లాడాలో తెలియలేదు. ఇన్నేళ్ళలో ఈ సంగతి నాతో ఎప్పుడూ అనలేదు. నేనూ ఎప్పుడూ అడగలేదు. తర్వాత వాళ్ళ తమ్ముడికి ఖరగ్‌పూర్‌లో రైల్వే ఉద్యోగం రావడం, ఇల్లు అమ్మెయ్యడం, ఇక ఈ ఊరు రావడానికి వంక లేకపోవడం, ఇవన్నీ ముక్కలుముక్కలుగా చెప్పుకొచ్చారు.

నాలుగు గంటలకి శాలిహుండం. వంశధార ఒడ్డున కొండ మీద బౌద్ధ స్తూపాలు. 1919లో గిడుగు రామమూర్తి పంతులుగారు ఈ చోటుని గుర్తించారు. మనం మాట్లాడుకునే భాషలోనే రాయాలని పోరాడిన ఆ పంతులుగారే. ఆయన పోరాడకపోతే నేనిలా మీకు ఉత్తరం రాసినట్టు రాయగలిగేదాన్నా! ఇక్కడ దొరికిన శిల్పాల్లో తార, మారీచి అనే బౌద్ధ దేవతలవి కూడా ఉన్నాయట. అత్తగారు కింద బండి దగ్గరే ఉండిపోయారు, డ్రైవరుకి మిగిలిన పులిహోర పెడుతూ. పైకెక్కితే నది మెలికలు తిరుగుతూ పోవడం, అంత దూరాన సముద్రం గీతలాగా కనిపిస్తాయి. నేను పైన ఎక్కువసేపు ఉండలేదు.

రాత్రి ఎనిమిదిన్నరకి ఇల్లు చేరాం. "అమ్మకి కాళ్ళు నొప్పులు రాలేదా?" అని మావారు నన్ను అడిగారు. "నన్ను అడుగు" అన్నారు అత్తగారు. ఆవిడ చీర కుచ్చిళ్ళలోంచి రాలిన ఇసకని మర్నాడు నేను ఊడ్చాను. పూజగది గడప దగ్గర కొంచెం మిగిలింది. అది ఆవిడ ఎత్తి చిన్న గిన్నెలో వేసి దేవుడి అరలో పెట్టుకున్నారు.

ఆ అమ్మాయి వచ్చే చలికాలం తేలినీలాపురం తీసుకెళ్తానంటోంది, కొంగలూ గూడబాతులూ పిల్లలు పెట్టడానికి వచ్చే ఊరు. రెండు సీట్లు చెప్పేశాను.

ఒక్కటే మిగిలింది. ఆ రాత్రి వ్యాను నిండిపోయిందన్న మాట అబద్ధమని అత్తగారికి ఇంతవరకు చెప్పలేదు. నోరు రావడం లేదు. ఈ పత్రిక మా ఇంటికి వచ్చేది బుధవారం, ముందు చదివేది ఆవిడే, అదీ వంటల పేజీ కంటే ముందు ఇదే.